అడగకుండా తీసుకున్న పావుగంట

మంగళవారం, సఖినేటిపల్లి

కాలవిద్య సంఘంలో చేరిన రోజే మాస్టారు చెప్పారు, ఎవరి సమయమైనా అడిగే తీసుకోవాలని. ఈరోజు చంటిబిడ్డతో రేవుకి పరుగెత్తుకొస్తున్న ఒకావిడ కోసం గోదావరి దాటించే పంటును ఆపాలనిపించింది. అందుకు కావలసిన పావుగంటను, బల్ల మీద ఊరికే కూర్చున్న ఓ పెద్దాయన నుంచి అడగకుండానే తీసేసుకున్నాను. ఆయన పక్కన ఎవరున్నారో చూడనేలేదు. పంటు ఆగింది, ఆవిడ ఎక్కింది. నాకెంత గర్వమో!

అప్పుడు ఆయన కూతురు సూట్‌కేసు పట్టుకుని లేచింది. మస్కట్ ప్రయాణమట.

"ఇప్పుడే కదమ్మా వచ్చి కూర్చున్నావు, అప్పుడే వెళ్ళిపోతున్నావా?" అన్నాడాయన, అయోమయంగా.

"ఇంతసేపూ నీతోనే మాట్లాడేను కదా నాన్నా!"

సంగతి విని మాస్టారు, "రేపు ఆయన పావుగంట ఆయనకి ఇచ్చేసి రా" అన్నారు.

"ఆయ్, ఇచ్చేస్తానండి" అన్నాను.

ఇస్తాను. కానీ ఆ పావుగంటలో ఆయన పక్కన ఎవరు కూర్చుంటారు?