పల్లవికి ముందు

తమ్ముడూ,

నువ్వు పోయి ఏడాదైంది. చిన్నప్పుడు సినిమాల్లో నటించావు, పెద్దయ్యాక షూటింగుల్లో మైకులు మోశావు, చివరికి తెలంగాణ పాటలు కట్టావు. ఒకసారి రికార్డు చేసి, మళ్లీ సరిగ్గా పాడతానని నువ్వు వదిలేసిన పాట రేపు సరూర్‌నగర్ సభలో వినిపించాలి. అందుకే నిన్న దిల్‌సుఖ్‌నగర్ స్టూడియోకి కొత్త గాయకుణ్ణి పిలిచారు. అమ్మ కూడా వచ్చింది.

నీ గొంతు తీసేసి డప్పు ఒక్కటే ఉంచారు. అది నువ్వు పోయాక విడిగా వాయించి కలిపింది. అయినా పల్లవికి ముందు, నువ్వు పీల్చినట్టే, స్పీకర్లో ఊపిరి వినిపించింది.

"నీదేనా?" అని రికార్డింగ్ అతను గాయకుణ్ణి అడిగాడు.

"నాది గాదన్నా. నేనింక నోరే తెరువలే," అన్నాడు గాయకుడు.

మళ్లీ వేస్తే మళ్లీ వచ్చింది. గాయకుడు పాట అందుకోబోతే అమ్మ చెయ్యి అడ్డం పెట్టింది.

"జర ఆగు బిడ్డా. వాడు షురూ జేస్తుండు."

డప్పు చివరిదాకా మోగింది. ఎవరమూ పాడలేదు.