ప్లాన్ కింద రాదు

ఆదోని,
బుధవారం.

నా అరుణక్కకు,

ఈ ఉత్తరం జొన్నరొట్టెల వాసన వస్తుంది, ఏమనుకోకు. మీ వీధి ఈరమ్మవ్వ రోజూ రొట్టెల గంప తెచ్చుకుని ఇక్కడ మార్కెట్ యార్డు గేటు దగ్గర కూర్చుంటుంది కదా, పోయి పలకరించాను. సాయంత్రం ఖాళీ గంపలో గుడ్డ కింద పెట్టుకుని నీకు అందిస్తానంది. "ఫోన్లుండంగా ఈ కాయితాలేందమ్మా?" అని నవ్వింది. ఫోన్లో అడగలేని సంగతి ఒకటుంది, అవ్వకు ఏం చెప్పను?

ముందు నా కౌంటర్ గురించి చెప్పాలి. నేను బీకాం చదివి ఫోన్ల షాపులో వారంటీ కౌంటర్లో కూర్చున్నానని నీకు తెలుసు. ఏం చేస్తానో ఎప్పుడూ చెప్పలేదు. జనం పాడైన చార్జర్లు, కేబుళ్ళు తెస్తారు. నేను చూసి, వారంటీ ప్లాన్ కింద ఉచితంగా కొత్తది వస్తుందో రాదో చెప్తాను. తయారీలో లోపమైతే వస్తుంది. నీళ్ళు పడితే రాదు. ఎలుక కొరికితే రాదు. నలిగినా, కోసినా రాదు. ఫోన్ అమ్మేటప్పుడు "అన్నిటికీ ప్రొటెక్షన్ ఉంది" అనేదీ మేమే, తర్వాత "దీనికి లేదు" అనేదీ మేమే. మొదట్లో ఆ రెండో మాట చెప్పేటప్పుడు ఎదుటివాళ్ళ ముఖం చూడలేకపోయేదాన్ని. ఇప్పుడు చూస్తూనే ఉంటాను. నోరు దానంతటదే చెప్పేస్తుంది.

మొన్న ఒకాయన మంత్రాలయంలో స్నానానికి దిగుతూ చార్జరున్న సంచితో సహా తుంగభద్రలో మునిగాడట. "నీళ్ళు పడితే రాదన్నా" అన్నాను. "అవి స్వామి పాదాలకాడి నీళ్ళమ్మా! వాటిని గూడా ఉత్త నీళ్ళ కిందనే రాసుకుంటారా మీ కంపెనీవోళ్ళు?" అన్నాడు. వరుసలో ఉన్నవాళ్ళంతా నవ్వారు. నాకు నవ్వు రాలేదు. ఒకప్పుడైతే నీకు ఫోన్ చేసి, ఆయన గొంతుతోనే చెప్పి, ఇద్దరం ఊపిరాడకుండా నవ్వేవాళ్ళమని మాత్రం గుర్తొచ్చింది.

ఇక నీ కేబుల్. ఉదయ్ బావ నిన్న మధ్యాహ్నం పత్తి జిన్నింగు మిల్లు నుంచి నేరుగా వచ్చాడు. "ఏం మరదలా, మీ కంపెనీ వైర్లు పేలాలు పేలినట్ల పోతాండాయే! మీ అక్క ఫోను సచ్చి పడింది. ఏం సేస్తాందో, యాడుందో తెలీక పొద్దున్నించి నాకు పని మీద మనసే లేదు" అన్నాడు. మా మేనేజరు పౌలు సార్ విని, "పెండ్లామంటే ఎంత ప్రేమప్పా నీకు" అన్నాడు. ఎప్పటిలాగే తయారీ లోపమని రాసి, కొత్తది ఇచ్చి పంపాను.

బావ వెళ్ళాక పాతదాన్ని చేతిలోకి తీసుకున్నాను. చూసీ చూసీ కేబుళ్ళు ఎట్లా చచ్చాయో నాకు తెలిసిపోతుంది. వంగి వంగి తెగినది మెడ దగ్గర నల్లబడుతుంది. ఎలుక కొరికినదానికి పళ్ళ గాట్లుంటాయి. నీది అట్లా లేదు. ప్లగ్గు దగ్గరి రబ్బరు తొడుగును వెనక్కి తోసి, లోపలి తీగను కత్తెరతో కోసి, మళ్ళీ తొడుగు కప్పేశారు. పైకి ఏమీ తెలియదు. కానీ తెగిన రాగి పోగులు చెదరకుండా సన్నగా పురిపెట్టి ఉన్నాయక్కా. మన గూడూరు ఇంట్లో కొత్త పడుగు అతికేటప్పుడు అమ్మ వేళ్ళకు బూడిద అద్దుకుని పోగుల కొనలు పురిపెట్టేది చూడు, అచ్చం అట్లా. కొన వదిలేస్తే నాయన మగ్గం గుంటలో నుంచే అరిచేవాడు. మగ్గమున్న ఇంట్లో పెరిగిన చెయ్యి తప్ప వేరే చెయ్యి ఆ పని చేయదు. మీ ఎమ్మిగనూరు ఇంట్లో మగ్గం లేదు. అక్కడ అలాంటి చేతులు నీవే.

ఎందుకక్కా? నేను ఊరికూరికే ఫోన్ చేస్తాననా? చేసినప్పుడల్లా "పనుంది, పెట్టేస్తా" అంటావు. నేను ఇంకా ఏదో చెప్తూనే ఉంటాను, అవతల నువ్వుండవు. నాతో మాట్లాడాలని లేకపోతే ఆ మాటే చెప్పొచ్చు కదా. తీగ కోయాల్సిన పనేముంది? కొత్త కేబుల్ వాడుకో. ఇక నేను ఫోన్ చేయను. కోపంతో రాయడం లేదు. కోపమైనా వస్తే బాగుండు.

నీ చెల్లెలు,
సంతోషి

*

ఎమ్మిగనూరు,
శుక్రవారం.

సంతూ తల్లీ,

కోసింది నేనే. నీ వల్ల కాదు.

ఈ కాగితం పిండి చేట కింద పెట్టుకుని రాస్తున్నాను. ఫోన్ ఎదురుగా డబ్బాకు ఆనించి ఉంది. నువ్వు పంపిన కొత్త కేబుల్ దానికి తగిలించి ఉంది. మీ బావ మిల్లుకు పోయినప్పటి నుంచీ గంట గంటకూ వీడియో కాల్ చేస్తాడు. "పొయ్యి సూపియ్యి. వాకిలి సూపియ్యి. కొళాయి కాడ ఎవరితో మాట్లాడ్తివి? ఆ గలాస ఎవరు తాగింది?" మొదట్లో కొత్త పెళ్ళాం కదా, ముచ్చటేమో అనుకున్నాను. తర్వాత స్నానానికి పోయేముందు చెప్పి పోవాలన్నాడు. తర్వాత, వచ్చాక మళ్ళీ చెప్పాలన్నాడు. నువ్వు ఫోన్ చేసినప్పుడు నేను వెంటనే పెట్టేసేది అందుకే. ఆయన చేసేటప్పటికి నా ఫోన్ బిజీ అని వస్తే, ఆ రాత్రి అన్నం దగ్గర ఎవరితో, ఏం మాట్లాడినావని మాట మాటా అప్పజెప్పించుకుంటాడు.

ఇక్కడ ఆపాల్సి వచ్చింది. ఫోన్ మోగింది. చేట చూపించాను. పిండి చూపించాను. పెట్టేశాడు.

కొట్టడు సంతూ. తిట్టడు కూడా. అందుకే ఎవరికీ చెప్పలేను. ఏమని చెప్పాలి? నా మొగుడు ఊరికే ఫోన్ చేస్తాడు అనా? ఒకసారి నాయన దగ్గర మొదలుపెట్టాను. "మీ అమ్మతో నేను దినానికి నాలుగు మాటలు మాట్లాడ్తే గొప్ప. నీ మొగుడు అన్నిసార్లు తలుచుకుంటాండాడంటే నువ్వు పెట్టి పుట్టినావు" అన్నాడు. మిగతాది మింగేశాను.

మొదటి కేబుల్ దానంతటదే పోయింది. ఫోన్ చచ్చిపోయింది. ఆ రోజు మధ్యాహ్నం చాప వేసుకుని నిద్రపోయాను. లేచేసరికి ముఖం మీద చాప అచ్చులు పడి ఉన్నాయి. అద్దంలో వాటిని చూసుకుంటూ చాలాసేపు నిలబడ్డాను. ఎవరికీ చూపించాల్సిన పని లేదు. సాయంత్రం ఆయన వచ్చి కోపమంతా కంపెనీ మీద చూపించాడు, నా మీద కాదు. ఆ తర్వాతవన్నీ నేనే కోశాను. ఆయన ఫోన్ పిన్ను వేరు, అది నాదానికి పట్టదు. ఒకసారి బజారు కేబుల్ తెస్తే ఫోన్ వేడెక్కి కాలిన వాసన వచ్చింది. అప్పటి నుంచి "ప్లాన్ ఉండంగా దొంగ సరుకు ఎందుకు, మీ చెల్లెలుండ్లేదా ఆడ?" అంటాడు.

నువ్వు ఎప్పుడూ ఉంటావు. వెంటనే కొత్తది ఇచ్చి పంపుతావు. ప్లగ్గు మీద నీలం పెన్నుతో చిన్న పువ్వు గీస్తావు, నాకోసమని తెలుసు. ఆ పువ్వును చూస్తూ దాన్ని గోడకు పెడతాను. నిన్ను తప్పు పట్టడం లేదు. నీకెట్లా తెలుస్తుంది?

కొన పురిపెట్టిన సంగతి నువ్వు రాసేదాకా నాకే తెలియదు. చెయ్యి చేసేసింది.

ఈ కొత్తదాన్ని కూడా ఇప్పుడే కోసేశాను. ఫోన్ రేపటికి చచ్చిపోతుంది, ఆయన సోమవారం తెస్తాడు. వారంటీ రాదని చెప్పు. కోసిందని మాత్రం చెప్పకు. ఏదో ఒకటి చెప్పు, నువ్వు చదువుకున్నదానివి.

మీ అక్క,
అరుణ

*

ఆదోని,
మంగళవారం.

అక్కా,

నీ ఉత్తరం చదివాక కౌంటర్లో పెన్ను పట్టుకుంటే వేళ్ళు నావి కానట్టున్నాయి. ఏడుపు రాలేదు. పత్తికొండ నుంచి వచ్చిన ఒక రైతు ట్రాక్టర్లో నలిగిన చార్జర్ ముందు పెట్టి ఏదో అడుగుతున్నాడు, నేను ఆయన మూతి కదలడం చూస్తున్నాను. "పాపా, ఈడుండావా లేదా?" అన్నాడు చివరికి. ఉన్నానన్నాను.

బావ నిన్న వచ్చాడు. రాదని చెప్పి పంపేయొచ్చు. కానీ ఆలోచించాను. ఇది రాకపోతే ఇంకోటి కొంటాడు. కేబుల్ కాకపోతే ఇంకో ఫోన్. ఈ ఊర్లో ఏ సందులో చూసినా కేబుళ్ళు వేలాడుతూనే ఉంటాయి. నేను ఆపగలిగేది అది కాదు. నీ ప్లాన్ కాగితం తీసి చూశాను. అది నీ పేరు మీద ఉంది. అప్పట్లో రాసింది నేనే. పేరున్నవాళ్ళు స్వయంగా రావాలని మా రూల్. ఎవరూ పాటించరు, నేనూ పాటించలేదు. నిన్న పాటించాను.

"ఈసారి అక్క రావాల బావా. ఆధార్ కార్డు తీసుకుని."

"ఆమెనా? ఆమె యాడికి వస్తాది? ఇన్నిసార్లు నా చేతికే ఇస్తివి కదా!"

"అందుకే పైనోళ్ళు అడుగుతాండారు. ఇన్నిసార్లు ఎట్లిస్తివని."

చుట్టూ చూశాడు. పౌలు సార్ బిల్లు పుస్తకం తిప్పుతున్నాడు. చివరికి, "సరేలే, సోమవారం సెలవు పెట్టి పిల్చుకొస్తా" అన్నాడు. నిన్ను బయటికి తీసుకొచ్చే పని ఆయన చేతే చేయిస్తున్నాను. ఆధార్ కూడా ఆయనే నీ చేతికిస్తాడు.

నాయనకు ఫోన్లో చెప్పాను. దాచకుండా, పొయ్యి చూపించడం, స్నానం, అన్నీ. మగ్గం ఆపి అంతా విన్నాడు. తర్వాత, "పిల్లను గూడూరుకు తోలియ్యి" అన్నాడు. అంతే.

కౌంటర్ పక్కన ఫొటో తీసే చిన్న గది ఉంది. ఫొటోకని నిన్ను ఒక్కదాన్నే అందులోకి పంపమని సార్‌కు చెప్తాను. దాని వెనక తలుపు సందులోకి తెరుచుకుంటుంది. సందులో నేను, ఈరమ్మవ్వ ఉంటాం. అక్కడి నుంచి బస్టాండు. ఏమీ తెచ్చుకోకు. సంచి పెద్దదైతే అడుగుతాడు.

రావాలని లేకపోతే గదిలోకి పోకుండా కొత్త కేబుల్ తీసుకుని వెళ్ళిపో. నేను ఏమీ అనను.

నీ సంతూ

*

గూడూరు,
ఆదివారం.

చెల్లీ,

బస్టాండులో అడిగావు కదా, "వెనక తలుపు తీసి పెట్టుకుని ఉంటే ముందు నుంచి ఎందుకొచ్చావక్కా?" అని. అప్పటికే బస్సు కదిలింది. నేను చుట్టూ తిరిగి వచ్చేదాకా నువ్వు సందులోనే ఉన్నావు కాబట్టి లోపల జరిగింది చూడలేదు. పౌలు సార్ చెప్పే ఉంటాడు. అయినా నేను రాయాలి.

అన్నీ నువ్వు చెప్పినట్టే జరిగాయి. ఆధార్ చూపించాను. సంతకం పెట్టాను. గదిలోకి పోదామని లేచాను. అప్పుడు పౌలు సార్, పాపం, రోజూ అందరినీ అడిగినట్టే అడిగాడు. "ఎట్ల పాడాయెనమ్మా ఇది?"

మీ బావ అందుకున్నాడు. "ఊరికేనే పోయింది సార్, మీ కంపెనీది కదా."

"నిన్ను గాదప్పా. ఆయమ్మను అడుగుతాండా."

అడిగి, నా ముఖం వైపు చూస్తూ ఆగాడు. నన్నొక మాట అడిగి, నా జవాబు కోసం ఎవరైనా ఆగి ఎంత కాలమైందో. నోట్లో అబద్ధం సిద్ధంగానే ఉంది. అది రాలేదు.

"నేనే కోసినా సార్. కత్తెరతో."

సార్ పెన్ను ఆగింది. "అట్లయితే ప్లాన్ కింద రాదు కదమ్మా."

"రాకూడదనే కోసినా."

మీ బావ నవ్వాడు, వరుసలో ఉన్నవాళ్ళ కోసం. "ఏం మాట్లాడ్తాండావే? ఒంట్లో బాగలేదు సార్ ఈమెకు." నేను సంచిలో నుంచి ఫోన్ తీసి కౌంటర్ అద్దం మీద పెట్టాను. "ఇది నువ్వే పెట్టుకో. పొయ్యి సూడల్లంటే నీ పొయ్యి నువ్వే సూసుకో" అన్నాను. వెనక ఎవరో ఆడమనిషి కిసుక్కున నవ్వింది. "సరిగ్గా సెప్పినావు పో" అంది.

గది తలుపు వైపు చూశాను. అవతల నువ్వున్నావని తెలుసు. కానీ అటు పోతే, తర్వాత ఆయన ఎవరికి చెప్పినా, దొంగతనంగా పోయిందనే చెప్తాడు. ముందు వాకిలి బార్లా తెరిచి ఉంది. షాపు కదా, తెరిచే ఉంటుంది. అందులో నుంచే లోపలికి వచ్చాను, అందులో నుంచే బయటికి నడిచాను. గడప దాటి ఒకసారి వెనక్కి చూశాను. వెంట వస్తాడనుకున్నాను. రాలేదు సంతూ. తన ఫోన్ తీసి చెవి దగ్గర పెట్టుకున్నాడు. నాకు ఫోన్ చేస్తున్నాడు. నాది ఆయన మోచేతి పక్కనే, అద్దం మీద, చచ్చి పడి ఉంది.

బస్సు ఎమ్మిగనూరు మీదుగానే వచ్చింది. మా వీధి మలుపు కనబడింది. కొళాయి దగ్గర ఎవరో నీళ్ళు పడుతున్నారు. కొంగు తల మీదికి లాక్కున్నాను. సంతోషం రాలేదు, భయమూ రాలేదు. పక్కన కూర్చున్న ఆమె శనక్కాయలు పెడితే తిన్నాను.

నిన్న ఆయన పెద్దమనుషులను పిల్చుకుని వచ్చాడు. వాళ్ళు మాట్లాడినంతసేపూ నాయన విన్నాడు. చివరికి, "పిల్ల ఈడనే ఉంటాది. పొమ్మని నేను సెప్పను" అన్నాడు. మళ్ళీ వస్తారట. రానీ. నన్ను అడిగితే షాపులో చెప్పిందే చెప్తాను.

ఈ పొద్దున పొయ్యి మీద ఎసరు పెట్టాను. పెట్టి, నాకు తెలియకుండానే కుడిచెయ్యి ఎత్తి పొయ్యి వైపు తిప్పి పట్టుకున్నాను. చేతిలో ఏమీ లేదు. అమ్మ చూసి, "ఏందే అది?" అంది. ఏం లేదన్నాను. కానీ చెయ్యి కిందికి దిగలేదు. మగ్గం దగ్గర నుంచి నాయన, "ఉత్తగా ఉంటే ఆ చెయ్యి ఇట్ల తే అమ్మీ, పడుగు అతకాల" అన్నాడు. పోయి కూర్చున్నాను. వేళ్ళకు బూడిద అద్దుకున్నాను. మధ్యాహ్నం దాకా కొనలు పురిపెడుతూనే ఉన్నాను, ఎవరూ ఏమీ అడగలేదు.

ఉత్తరాలు రాయి. కేబుల్ పంపొద్దు. పువ్వు గీయాలనిపిస్తే కాగితం మీద గియ్యి.

నీ అక్క,
అరుణ