అమ్మకి వినపడని గొంతు

మౌలాలి,
14-8-2001.

తమ్ముడు బాబ్జీకి,

రైల్వే ఇన్‌స్టిట్యూట్‌లో పద్యనాటకాలాడే నువ్వు సినిమాల్లోకి వెళ్లావని, గుడి మైకులో నీ పేరెత్తి శపించిన మీ అన్నయ్యనే రాస్తున్నాను.

నీ సినిమా వచ్చిందని తెలిసి, చూపు లేకపోయినా వింటానని అమ్మ మొండికేసింది. ఆటోలో తీసుకెళ్లాను. తెర మీద పది నిమిషాలు కనిపించావు, గొంతు మాత్రం వేరెవరిదో పెట్టారు. అమ్మ నా చెయ్యి కుదుపుతూ, "మనోడింకా రాలేదేటిరా?" అని అడుగుతూనే ఉంది.

"ఇంకా లేదమ్మా" అన్నాను. అబద్ధం మహాపాపమని పాతికేళ్లుగా గుడిలో పురాణం చెబుతూ గర్జించిన నోరే అది. నీ గొంతు వాళ్లకి పనికిరాలేదని ఆమెతో ఎలా చెప్పను?

ఆట అయ్యాక, "ఆడి భాగం కోసేసుంటార్రా" అంది. ఆ రోజునుంచీ మంచం దిగలేదు, డాక్టరు పెదవి విరిచాడు.

రాముడి పిలుపు వినకుండానే దశరథుడు పోయిన ఘట్టం మొన్న శనివారం చెప్పబోయాను. రామాయణం మూసి, మైకు కట్టేసి, వేదిక దిగిపోయాను.

నా శాపం నేనే వెనక్కి తీసుకుంటున్నాను. వెంటనే బయలుదేరు. సినిమా సంగతి ఎత్తకు. గుమ్మంలో నిలబడి "అమ్మా" అని పిలు. ఆమెకి నువ్వు కనిపించేది ఆ పిలుపులోనే.

అన్నయ్య