సుబ్బులు గొంతు

ఫిల్మ్ నగర్,
బుధవారం.

నా తల్లి జెరూషకు,

నువ్వు ఫోను ఎత్తడం లేదు. ఎత్తితే నా గొంతు వినాలి, వింటే సిగ్గుపడాలి, ఎందుకొచ్చిన గొడవ అనుకుని ఉంటావు. అందుకని పాత అలవాటుకి దిగి కాగితం పట్టాను.

నిన్న టీకొట్టు దగ్గర డ్రైవరు చంటి కనిపించాడు. జూబ్లీ హిల్స్‌లో నిర్మాత సూర్యప్రకాశరావు గారి కారు నడుపుతాడే, వాడు. "సార్, మీ జెరూష మేడం రోజూ మా బంగ్లకే వస్తుంది గద. మా సార్ బిడ్డ నిహారికమ్మా, ఆమె ఇద్దరు గదిలకు పోయి తలుపేసుకుంటరు. నాటకంల గొంతు మీ మేడందే అంటున్నరు అందరు" అన్నాడు. వాడే మళ్లీ నన్ను ఓదార్చాడు. "మొకం ఒకలది, గొంతు ఒకలది. సినిమా అంటేనే గంతే గద సార్. జర లైట్ తీస్కోండ్రి."

సినిమావాళ్లకి గొంతంటే కారు డిక్కీలో స్టెప్నీ టైరు. ఒకటి పోతే ఇంకోటి బిగిస్తారు. అది వాళ్ల వృత్తి ధర్మం, నేను కాదనను. ఆ నిహారిక ఇన్నాళ్లూ తెర మీద పెదాలు కదిపింది, మాటలు ఎవరో చెప్పారు. ఇప్పుడు నటి అనిపించుకోవాలని ముచ్చటపడింది. తండ్రి డబ్బు పెట్టి మన నాటకం మీద చెయ్యి వేశాడు, సుబ్బులు పాత్ర నీ దగ్గర్నుంచి లాక్కుని కూతురికి పెట్టాడు. అంతవరకూ మింగాను. కానీ కోర్టులో ప్లీడర్ని పక్కకి తోసి తన కేసు తనే వాదించుకునే ఆ సుబ్బులుకి తెర చాటున ఉండి గొంతు అరువివ్వడానికి నువ్వు ఒప్పుకున్నావా?

నేను గొంతు విద్య ఏ బడిలోనూ చదవలేదని నీకు తెలుసు. గుడివాడలో నాటక పోటీలు జరుగుతుంటే సోడాలు అమ్మేవాణ్ణి. గోళీసోడా కొట్టిన చప్పుడు చివరి వరసలోంచి వచ్చిందంటే నటుడి మాట అక్కడికి అందలేదన్నమాట. చివరి వరసవాడు దాహం మరిచిపోయాడంటే అందిందన్నమాట. అందిన రోజు నాకు బేరం ఉండేది కాదు. (మా నాన్న తిట్లు అప్పుడు బాగా అందేవి.) అందుకే ఈనాటికీ రిహార్సల్లో చివరి వరసలోనే కూర్చుంటాను. మాట అందకపోతే తువ్వాలు ఎత్తుతాను.

నీ గొంతు నాకు దొరికిందీ అలాగే. రహమత్ నగర్ సందులో ఉల్లిపాయలు బేరమాడుతున్నాను. కరెంటు పోయి మీ చర్చిలో మైకు ఆగిపోయింది. నువ్వు మాత్రం వాక్యం చదవడం ఆపలేదు. నా బేరం ఆగిపోయింది. ఆ తర్వాత డాబా మీద నిన్ను వెల్లకిలా పడుకోబెట్టి, పొట్ట మీద ఇత్తడి చెంబు పెట్టి, చెంబు తొణక్కుండా ఒక్క దమ్ములో ఎంత మాట చెప్పగలవో చూసేవాణ్ణి. అందరికీ మాట నేర్పాను. నీకు ఊపిరి నేర్పాను.

పాత్ర పోయినప్పట్నుంచి ఆదివారాలు వచ్చి కూర్చుంటున్నావు, టీ పోస్తున్నావు. నేను సినిమావాళ్లని తిడుతుంటే తల ఊపుతున్నావు, ఒక్క మాట ఎదురు చెప్పలేదు. నాకు తోడుగా ఉన్నావనుకున్నాను. లోపల ఇదా ఉన్నది?

నాటకానికి నేను రాను.

ఇంకా నీ మాష్టారినే అనుకుంటున్న
కాశీవిశ్వనాథం

*

ఫిల్మ్ నగర్,
శనివారం.

జెరూషకు,

రానన్నాను, వచ్చాను. ముసలాడి శపథం కదా.

చివరి వరసలో కూర్చున్నాను. తువ్వాలు తొడ మీదే ఉంది, ఎత్తే పని పడలేదు. నిహారిక బోనులో నిలబడి "నా మాట నేనే చెప్పుకుంటానయ్యా" అంది. ఆ చివరి మాటకి ముందు దమ్ము బిగబట్టి, సగం వదిలి, సగం దాచుకోవడం ఈ భూమ్మీద ఒక్క మనిషికే నేర్పాను. తెర వెనక నువ్వు ఎక్కడ నిలబడ్డావో కూడా ఊహించుకున్నాను.

లేచి అరిచాను. "ఆపండి! ఆ గొంతు ఈ అమ్మాయిది కాదు. తెర వెనక నా పిల్ల జెరూష ఉంది. దమ్ముంటే ముందుకి తీసుకురండి!"

ముందు వరసల్లోంచి ఒకాయన "ఎవరండీ మీరు? కూర్చోండి" అన్నాడు. ఇంకొకడు "అంకుల్, జర బైఠో" అన్నాడు. ఒకమ్మాయి సెల్‌ఫోను ఎత్తి నన్ను వీడియో తీసింది. నేను ఎవరి జవాబూ వినకుండా తలెత్తుకుని బయటికి నడిచాను.

కోపగించుకుంటావు. కోపగించుకో. అంతమంది పెద్దల ముందు నీ పేరు పలికినవాణ్ణి నేనొక్కణ్ణే.

కాశీవిశ్వనాథం

*

రహమత్ నగర్,
సోమవారం.

మాష్టారికి నమస్కారాలు.

మీరు వెళ్లాక ఏం జరిగిందో మీకు తెలియాలి. నిహారిక ఆగిపోయింది. కళ్లల్లో నీళ్లు తిరిగాయి. మెడ దగ్గర తగిలించిన మైకు పీకి నేల మీద పెట్టి, అదే మాట మళ్లీ చెప్పింది. చివరి వరస దాకా వచ్చింది. నాకెలా తెలుసంటే, నేను తెర వెనక లేను మాష్టారూ. మీ వరసలోనే, ఆ చివర కుర్చీలో, ఒళ్లో తువ్వాలు పెట్టుకుని కూర్చున్నాను. మీరు అటు చూడలేదు.

ఉగాదికి ముందు ఫిల్మ్ నగర్‌లో ఒక దయ్యాల సినిమాకి డబ్బింగు చెప్పాను. మాటలు కాదు, కేకలు. ఇంకా గట్టిగా, ఇంకోసారి, అంటూ సాయంత్రం దాకా అరిపించారు. మర్నాడు నోరు తెరిస్తే గాలి వచ్చింది. గొంతు చిన్న మాటలకి ఎప్పటికైనా సరిపోవచ్చు, స్టేజీ మాత్రం మరిచిపో అన్నారు డాక్టరు గారు. సుబ్బులు పాత్ర ఎవరూ లాక్కోలేదు. నేనే వెళ్లి నిహారికకి ఇచ్చాను. గొంతు అరువివ్వడానికి నా దగ్గర గొంతు లేదు. అందుకే నేను ఫోను ఎత్తడం లేదు.

ఆమెకి చెంబుతోనే నేర్పాను. పొట్ట మీద చెంబు పెట్టి, పక్కటెముకల మీద చెయ్యి వేసి, మాట అందకపోతే తువ్వాలు ఎత్తి. మొదట్లో ఆమె రోజూ ఏడ్చింది. మానలేదు. మీరు విన్నది నా గొంతు కాదు, మీ పాఠం.

మీకు చెప్పలేదని అనుకోకండి. మొదటి ఆదివారమే చీటీ రాసి మీ ముందు పెట్టాను. మీరు మాట్లాడుతూ దాని మీద టీ గ్లాసు పెట్టారు. గ్లాసు తీసి మళ్లీ జరిపాను. ఆ చీటీతోనే బల్ల తుడిచారు. ఇన్ని ఆదివారాల్లో నేను ఒక్క మాటా మాట్లాడలేదని మీరు గమనిస్తారేమో అని ఎదురుచూశాను. చివరి వరసలో గుసగుస కూడా వినిపించే చెవి మీది.

నా పేరు అందరి ముందు పలికానన్నారు. నాకు పేరు వద్దు మాష్టారూ. ఆ పిల్లకి తన మాట తనదని నమ్మకం కలిగిన రోజు అది. దాన్ని పాడుచేశారు.

జెరూష

*

ఫిల్మ్ నగర్,
మంగళవారం.

అమ్మా జెరూషా,

గొంతు ఇప్పుడెలా ఉంది?

ఉగాదికి అడగాల్సిన మాట. జవాబు చీటీ మీద రాయి. ఈసారి దాని మీద ఏమీ పెట్టను.

పొద్దున జూబ్లీ హిల్స్ వెళ్లాను. నిహారిక గుమ్మంలోకి వచ్చింది. హాల్లో అరిచినంత గట్టిగానే క్షమాపణ చెప్పాను, గేటు దగ్గర డ్రైవర్లందరూ వినేటట్టు. ఆమె "సరేనండి" అని లోపలికి వెళ్లిపోయింది. కూర్చోమనలేదు. అనాల్సిన పనీ లేదు.

ఆదివారం నేనే వస్తాను, టీ నేను పోస్తాను. చెంబు నీ దగ్గరే ఉండనీ.

వచ్చి మాట్లాడను.

కాశీవిశ్వనాథం