ఫుమికమ్మ తెర ఉతికిన సంగతి

పెద్దక్క కాళ్లకు దండం పెట్టి, తమ్ముడు అప్పన్న ఎవరి చేతా రాయించకుండా సొంత చేత్తో రాస్తున్న ఉత్తరం.

ఇక్కడ నేను, అమ్మాయి సత్యవతి బాగున్నాం. నీ మోకాళ్లు ఎలా ఉన్నాయి? బావ చుట్టలు మానేశాడా? మానడని తెలుసు, అయినా అడుగుతున్నాను. ఈ అమెరికాలో చలి ముదిరింది. ఎండ కాస్తుంది గానీ బట్ట ఆరదు. అమ్మాయి ఆస్పత్రి డ్యూటీకి పోతే మాట్లాడే మనిషి ఉండడు. అన్నం తింటున్నాను, దిగులు పడకు.

మా కింది వాటాలో జపాన్ ఆవిడ ఉంటుంది. పేరు ఫుమికో. నేను ఫుమికమ్మ అంటాను. పదిహేడో ఏట సినిమాల్లోకి వచ్చి పెద్ద పేరు తెచ్చుకుందట. వయసు కాస్త దాటగానే ఇక తల్లి వేషాలే అన్నారట. చాలు పొమ్మని ఈ దేశం వచ్చేసింది. ఇప్పుడు తనే ఆట కడుతుంది. తెల్లటి తెర మీద తన పాత సినిమా బొమ్మ పడుతుంది, టేపురికార్డరులో సముద్రం హోరు వినిపిస్తుంది, వాటి ముందు తను నిలబడి ఆడుతుంది. ఇన్నేళ్లకు న్యూయార్కులో ఒక హాలు దొరికింది.

ఆ తెర నూలు గుడ్డ. ముడత పడితే ముఖం వంకరగా పడుతుంది. ఉతుకూ ఇస్త్రీ మన పనే కదా, నేను చేసిస్తానన్నాను. ఉతికి, గంజి పెట్టి, తెలుపు కొట్టొచ్చినట్టు కనిపించాలని నీలిమందు కాస్త ఎక్కువే వేసి, ఇస్త్రీ చేసిచ్చాను.

ఆటకు రెండు రోజుల ముందు హాలులో సరిచూసుకుంటుంటే మేమూ వెళ్లాం. తెర మీద పదిహేడేళ్ల ఫుమికమ్మ ఏడుస్తోంది. ముఖం పీనుగులా నీలంగా ఉంది. అక్కడివాళ్లంతా "వండర్‌ఫుల్" అన్నారు. ఆవిడ చూసి ఇంగ్లీషులో ఏదో అంది.

"ఫిల్ము పాతబడి పాడైపోయిందంటోంది నాన్నా. ఈ సీను తీసేస్తుందట. మొదటి సినిమాలో మిగిలింది ఈ ముక్కొక్కటేనట," అని చెప్పింది సత్యవతి.

నేను సత్యవతి చెయ్యి పట్టుకున్నాను. "ఫిల్ముకేం కాలేదు. అది నా నీలిమందు. చెప్పవే."

"ఊరుకో నాన్నా, ఎవరికీ తెలీదు. పరువు పోతుంది."

"నా పరువుకేం! తెర మీది ఆ పిల్ల పోతోంది కదే. చెప్పు."

చెప్పింది. ఫుమికమ్మ కోప్పడలేదు. మళ్లీ ఉతకగలవా అని మాత్రం అడిగింది. ఇంటికి తెచ్చి ఆవిడా నేనూ బాత్‌టబ్బులో నాలుగు నీళ్లు మార్చి జాడించాం. చెరో కొసా పట్టుకుని పిండాం.

"గట్టిగా తిప్పు! సినిమా స్టారువని వదిలేస్తానా?" అన్నాను. అర్థం కాకపోయినా నవ్వింది. హీటరు పక్కన ఆరేసి, ఉత్త గంజి పెట్టి ఇస్త్రీ చేశాను.

ఆట నాడు ఆ పిల్ల బుగ్గలకు ప్రాణం వచ్చింది. ఫుమికమ్మ తెర దగ్గరికి నడిచివెళ్లి, తన చేత్తో దాని కన్నీళ్లు తుడిచింది, అక్కా. హాలులో ఒక్కరూ దగ్గలేదు. ఇంకో ఊరివాళ్లు కూడా ఆట కావాలన్నారట. నేను ఏడ్చానని సత్యవతి రాస్తే నమ్మకు.

వచ్చేవాళ్లుంటే మాగాయ పంపు. బావకు దండాలు, పిల్లలకు దీవెనలు. మా ఇద్దరినీ చల్లగా ఉండమని నువ్వు ఒక్క మాట అనుకో, చాలు.

ఇంకోటి. అప్పన్న ఉతుకులో తప్పు ఒప్పుకున్నాడని మన చాకిరేవులో ఎవరితోనూ అనకు. నీకు ఈ ఉత్తరం చదివిపెడుతున్న పిల్లకు కూడా గట్టిగా చెప్పు.

నీ తమ్ముడు,
అప్పన్న