ప్రతి నెలా తొమ్మిదో తారీఖు

మార్చి 6, శుక్రవారం

మా చిన్నమ్మాయి కాలేజీ లోన్ కోసం ఏడాదిన్నర బ్యాంక్ స్టేట్‌మెంట్ కావాలన్నారు. తెచ్చాను. లేకపోతే నా జన్మలో ఆ కాగితాల మొహం చూసేదాన్ని కాదు.

టీ తాగుతూ ఊరికే పేజీలు తిప్పాను. ఐదు వందల తొంభై తొమ్మిది. తర్వాతి పేజీలో మళ్ళీ అదే. ఆ తర్వాతి పేజీలోనూ అదే. ప్రతి నెలా తొమ్మిదో తారీఖు. పక్కన అర్థం పర్థం లేని నాలుగు అక్షరాలు, చివర డిజిటల్ అని. మొత్తం పద్నాలుగు సార్లు! కూడితే ఎనిమిది వేల మూడు వందల ఎనభై ఆరు. రెండుసార్లు కూడి చూశాను, తప్పేమో అని. టీ చల్లారిపోయింది.

ఎవడబ్బ సొమ్మని తీసుకుంటున్నారు? పొద్దుటినుంచి సాయంత్రం దాకా మందుల షాపులో కూర్చుని నడుము పడిపోతోంది నాకు. ఇక్కడ ఎవరో హాయిగా నెలజీతం తీసుకుంటున్నారు.

సాయంత్రం 6

చిన్నదాన్ని కడిగేశాను. ఇంకెవరుంటారు, చేతిలో ఇరవై నాలుగ్గంటలూ ఫోను ఉండేది దానికే కదా. సినిమాలా, ఆటలా, ఏం కొన్నావే అన్నాను. ఒట్టేసింది. ఏడ్చింది. నీకు నా మీద ఆ మాత్రం నమ్మకం లేదా అని తలుపు ధడేల్మని వేసుకుంది. నాకింకా అనుమానమే.

ఈయన్ని అడగాలన్న ఆలోచన కూడా రాలేదు. ఫోనులో పాటలు వినడం తప్ప ఈయనకు ఏం తెలుసు? షాపులో కూడా చెవిలో ఇయర్‌ఫోన్ ఉండాల్సిందే. మందులిచ్చేటప్పుడైనా తియ్యవయ్యా మగడా అని ఏడాదిగా మొత్తుకుంటున్నాను.

మార్చి 7, శనివారం

బ్యాంకుకు వెళ్ళాను. కౌంటర్లో అమ్మాయి మంచిది, ఓపిగ్గా చూసింది. ఇది దొంగతనం కాదు మేడమ్, ఆటోపే, మీ కార్డు నంబరు ఇచ్చి ఎవరో పర్మిషన్ ఇచ్చారు అంది. ఎవరు అంటే అది మాకు తెలియదు, మీ ఇంట్లో అడగండి అంది. మా ఇంట్లో అడగడం అయిపోయిందమ్మా, ముందు ఆపు అన్నాను. ఆపింది. నాకు అంతటితో మనసు ఆగలేదు, కార్డు కూడా బ్లాక్ చేయించాను. కొత్తది రావడానికి వారం పడుతుందట. పట్టనీ.

భోజనాల దగ్గర గొప్పగా చెప్పాను. చిన్నది కంచం తీసుకుని గదిలోకి వెళ్ళిపోయింది. ఈయన మంచి పని చేశావు అన్నాడు. సగంలో లేచి చెయ్యి కడుక్కున్నాడు.

మార్చి 9, సోమవారం

తొమ్మిదో తారీఖు. డబ్బు పోలేదు. నేనే గెలిచాను.

మార్చి 10, మంగళవారం

వింత. ఈయన చెవిలో ఇయర్‌ఫోన్ లేదు. నిన్నా లేదు. నా పోరు పడలేక మానేశాడనుకుని లోలోపల మురిసిపోయాను.

కానీ పని మాత్రం నత్తనడక. చీటీ పట్టుకుని స్టోర్ రూమ్‌లోకి వెళ్తే పది నిమిషాలకు గానీ రాడు. ఒకాయన విసుక్కున్నాడు కూడా, మందు ఇస్తున్నారా తయారు చేస్తున్నారా అని. నాకు నవ్వొచ్చింది. ఈయనకు రాలేదు.

మా షాపులో పద్ధతి ఒకటే, ఇరవై రెండేళ్ళుగా. ఆయన మందు తీసి పేరూ, ఎన్ని మిల్లీగ్రాములో పైకి చెబుతాడు. నేను బిల్లు పుస్తకంలో రాస్తాను. తలెత్తి చూసే పని లేదు. ఆయన చెప్పిందే రాత. కంప్యూటర్ పెట్టుకోండి అని ఎంతమంది చెప్పినా మాకు కుదర్లేదు. మాకెందుకండీ, మా ఆయన నోరే కంప్యూటర్ అనేదాన్ని.

మార్చి 12, గురువారం, ఉదయం 8

టీచరమ్మ కొడుకు ఫోన్ చేశాడు. టీచరమ్మ అంటే వెనక వీధిలో ఉండే ముసలావిడ, చిన్నదానికి ఎక్కాలు నేర్పింది. పొద్దున బాత్రూమ్‌లో పడిపోయిందట. బీపీ బాగా పడిపోయిందట. ఏం మందులిచ్చారండీ మీరు, మనుషులేనా అని అరిచాడు. ఫోను ఈయనకిచ్చాను. ఈయన విన్నాడు. కౌంటర్ పట్టుకుని నిలబడ్డాడు. ఒక్క మాట కూడా ఎదురు చెప్పలేదు.

ఎదురు చెప్పకపోవడం చూసి ఇప్పుడే ఆసుపత్రికి బయలుదేరుతున్నాను.

11 గంటలు

ఆసుపత్రి నుంచి ఇప్పుడే వచ్చాను. టీచరమ్మకు తెలివొచ్చింది. నన్ను చూసి నవ్వింది కూడా, ఆ నవ్వుకు నేను చచ్చిపోయాను. కొడుకు స్ట్రిప్పూ బిల్లూ నా చేతిలో పెట్టాడు. డాక్టరు రాసింది ఇరవై ఐదు. బిల్లులో నా అక్షరాలతో ఇరవై ఐదు. స్ట్రిప్ మీద నూరు.

ఇంకో రెండు రోజులు ఇవే వేసుకుని ఉంటే ఏం చెప్పలేకపోయేవాళ్ళం అన్నాడు డాక్టరు, మామూలుగా, చెయ్యి తుడుచుకుంటూ.

మధ్యాహ్నం 2

షాపు షట్టర్ దించి అడిగాను. ఏమైంది నీకు, మతి ఎక్కడ పెట్టుకున్నావు అని. స్టూలు లాక్కుని కూర్చున్నాడు. తర్వాత నా మొహం వంక చూస్తూ, నీ మొహం కనబడి ఏడాది దాటింది అన్నాడు.

వెక్కిరిస్తున్నాడేమో అనుకున్నాను. కాదు. చూపు మధ్యలో నల్లటి మరక ఉందట, రెండు కళ్ళకూ. అంచుల్లోనే కనిపిస్తుందట. నడవగలడు, అల్మారాలు గుర్తే. అక్షరం మాత్రం చదవలేడు. కళ్ళ డాక్టరు ఇది తగ్గదని చెప్పేశాడట. అప్పట్నుంచి ఫోనులో ఒక యాప్. కెమెరా ముందు చీటీ గానీ స్ట్రిప్ గానీ పెడితే పేరూ, మిల్లీగ్రాములూ చదివి చెవిలో చెబుతుందట. కౌంటర్ కింద పెట్టి చదివించుకునేవాడట. ఏడాదిగా నేను పాటలనుకున్నవి పాటలు కావు. అది చెప్పింది ఆయన చెప్పాడు, ఆయన చెప్పింది నేను రాశాను.

దానికే నెలకు ఐదు వందల తొంభై తొమ్మిది.

నేను ఆపేశాను. మళ్ళీ కడదామంటే కార్డు కూడా లేకుండా చేశాను.

మరి ఆ రోజు అన్నం ముందు కూర్చుని మంచి పని చేశావు అన్నావెందుకయ్యా అని చొక్కా పట్టుకుని కుదిపాను. చెబితే లైసెన్సు పోతుంది, షాపు పోతుంది, చిన్నదాని కాలేజీ పోతుంది అనుకున్నాడట. వారం రోజులు భూతద్దంతో నెట్టుకొచ్చేద్దామనుకున్నాడట. వారం రోజులు! జనం ప్రాణాలతో! ఇరవై రెండేళ్ళలో ఎప్పుడూ అననన్ని మాటలు అన్నాను. అన్నీ అన్నాక ఒక్కటి తట్టింది. ఒక్కసారి తలెత్తి స్ట్రిప్ చూసి ఉంటే నాకు కనబడేది కదా. నా కళ్ళు బాగానే ఉన్నాయి కదా.

సాయంత్రం 5

తొమ్మిది, పది, పదకొండు. ఈ మూడు రోజుల్లో అరవై మూడు బిల్లులు. చిన్నది వచ్చి పక్కన కూర్చుంది. విషయం చెప్పాను, దాని కాళ్ళు పట్టుకున్నంత పని చేశాను. అది బిల్లు పుస్తకం లాక్కుని ఫోన్ నంబర్లు చదవడం మొదలుపెట్టింది. వేసుకోకండి, మేం వచ్చి చూసేదాకా ఏ మందూ వేసుకోకండి. అదే మాట, అరవై సార్లు.

మార్చి 13, శుక్రవారం

ఇంటింటికీ తిరిగాం. కొందరు మంచినీళ్ళిచ్చారు. ఒకాయన గుమ్మంలోనే నిలబెట్టి తిట్టాడు, తిట్టించుకున్నాను. అరవై రెండు ఇళ్ళు పూర్తయ్యాయి. టీచరమ్మది కాక ఇంకా రెండు తప్పులు. దేవుడి దయ, ఒకటి విటమిన్, ఇంకొకటి సీసా మూత కూడా తియ్యలేదు.

అరవై మూడో బిల్లు మీద పేరు లేదు. నంబరు లేదు. తలనొప్పి మాత్రలు, ఒక స్ట్రిప్, క్యాష్. పదో తారీఖు.

అల్మారా అంతా లెక్కపెట్టాను. స్టాకు పుస్తకంతో పోలిస్తే తలనొప్పి మాత్రలు ఒక స్ట్రిప్ ఎక్కువున్నాయి. పక్క అరలో షుగర్ మాత్రలు ఒక స్ట్రిప్ తక్కువ.

మళ్ళీ లెక్కపెట్టాను. మళ్ళీ అంతే.

షుగర్ లేని మనిషి తలనొప్పి అనుకుని అవి రెండు మింగి పడుకుంటే ఏమవుతుందో నాకు ఈయన చెప్పక్కర్లేదు. చెప్పాడు. ఇద్దరం అల్మారా ముందు కింద కూలబడ్డాం.

మార్చి 14, శనివారం

షట్టర్‌కు పెద్ద కాగితం అంటించాం, చిన్నది రాసింది. వీధి చివర కూడా అంటించింది. ఆసుపత్రులకు ఫోన్ చేశాం. ఉన్నదున్నట్టు లైసెన్సు ఆఫీసుకు ఉత్తరం రాయించాడు ఈయన. నేను ఆపలేదు. షాపు పోతే పోయింది.

ఆ రోజు ఆ మాత్రలు కొన్నది ఆడమనిషట. మాట చివర చిన్న దగ్గు ఉంటుందట. గొంతు వింటే పోల్చుకుంటాను, మొహం మాత్రం అడక్కు అన్నాడు.

మార్చి 15, ఆదివారం

మూసిన షాపు ముందు రెండు కుర్చీలు. వీధిలో వెళ్ళే ప్రతి ఆడమనిషినీ ఆపి ఒక్క మాట మాట్లాడండమ్మా అని అడుగుతున్నాను. పిచ్చిదాన్ననుకుంటున్నారు. ఈయన కళ్ళు మూసుకుని వింటాడు. తల అడ్డంగా ఊపుతాడు.

పొద్దుటినుంచి ఎంతమందో. అందరికీ తల అడ్డంగానే.

మార్చి 16, సోమవారం

వచ్చింది.

పక్క షాపులో ఏదో అడుగుతుంటే ఈయన గబుక్కున లేచి నా చెయ్యి పట్టుకున్నాడు. నేను పరుగెత్తాను. కాగితం చూసి కాదట, మామూలుగానే వచ్చిందట. సంచిలోంచి స్ట్రిప్ తీసింది. షుగర్ మాత్రలే. పదికి పది ఉన్నాయి. ఆ రోజు ఇంటికెళ్ళి కాసేపు పడుకుంటే తలనొప్పి దానంతటదే తగ్గిపోయిందట. వాడలేదు కదా, వెనక్కి తీసుకుంటారా అని మొహమాటంగా అడిగింది.

డబ్బు చేతిలో పెట్టాను. ఈ మాత్రం దానికి ఏడుస్తారేంటండీ ఇద్దరూ, అంది.