పాపతో అరగంట

ఫిబ్రవరి 1, ఆదివారం. అల్ అమెరాత్, ఒమాన్

తొమ్మిదిన్నరకు పరంజా దిగి ఫోన్ చేశాను. రింగ్... రింగ్... కట్. ఇది ఏడోసారి. ప్రతి ఆదివారం అరగంట వీడియో కాల్‌లో పాపతో మాట్లాడించాలని ఫ్యామిలీ కోర్టు ఆర్డర్ ఇచ్చి మూడు నెలలు. శాన్వికి ముందు పళ్లు ఊడాయట. అదీ ఊరివాళ్లెవరో చెబితే తెలిసింది. ఛీ, ఏం తండ్రిని!

ఫిబ్రవరి 3

ఎట్టకేలకు బావమరిది రమేశ్ ఫోనెత్తాడు. "హైకోర్టుల అపీల్ ఏసినం గద బావా. ఇగ గా ఆర్డర్ లేనట్టే." స్టే ఏదిరా అంటే నవ్వాడు. వెనకాల పాప ఏదో పాట పాడుతోంది. "తలుపెయ్యి" అంది లావణ్య. విడాకుల కేసు వేశాక కూడా నా భార్య అనే రాయాలా ఆమెను?

ఫిబ్రవరి 5

కోర్టు ధిక్కారం కేసు వేయమని మా వకీలుకు చెప్పాను. "అపీల్ ఉంటే ఉండనీ. స్టే లేనంత వరకు ఆర్డర్ ఆర్డరే" అన్నాడు.

ఫిబ్రవరి 16

ధిక్కారం కేసుకు వాళ్ల జవాబు వచ్చింది. మూడు ఆదివారాలు నేనే ఫోన్ చేయలేదట.

నిజమే. థూ... నిజమే. ఆ మూడు రోజులూ స్లాబ్ పోస్తున్నాం, సగంలో వదిలి దిగేదెట్లా? ఇక్కడ సెలవు శుక్రవారం. ఆదివారం డ్యూటీ. పాపతో కాల్స్ కోసం వకీలు వాట్సాప్‌లో పంపిన పిటిషన్ సరిగ్గా చదవకుండానే సంతకం పెట్టాను. సెలవంటే ఆదివారమే అనుకున్నాడు ఆయన, నేనూ అట్లాగే తలూపాను. ఎనిమిదేళ్ల నుంచి ఒమాన్‌లో ఉండి! సిగ్గులేని బుర్ర.

ఫిబ్రవరి 17

కాల్‌ను శుక్రవారానికి మార్పించండి సార్ అంటే వకీలు, "ఇప్పుడొద్దు. తప్పు మనదే అన్నట్టయితది."

ఫిబ్రవరి 24, మంగళవారం

హైకోర్టులో విచారణ. ఇప్పుడే తండ్రితో మాట్లాడించి రండి అన్నారట జడ్జిగారు. కోర్టు వరండాలోంచి కాల్. మిక్సర్ ఆపమని, ఫోన్‌లో నా బిడ్డ ఉందని ఫోర్‌మన్ ఖాజా భాయ్ అరిచాడు: "మిక్సర్ బంద్ కరో! ఇస్కీ బచ్చీ హై!" సైటంతా నిశ్శబ్దం. నా మొహం నిండా సిమెంటు.

"నమస్తే డాడీ. నేను మంచిగున్న. మీరు మంచిగున్నరా."

అప్పజెప్పింది. కళ్లు పక్కకే, రమేశ్ వైపు. పళ్లు చూపించమని అడగాలనుకున్నాను. రెండు నిమిషాలు. కట్.

ఫిబ్రవరి 26

"మాట్లాడించిన్రు, క్షమాపణ చెప్పిన్రు. మీరు సరే అంటే ధిక్కారం కేసు మూసేస్తరు. మీరే చెప్పాలె" అంటాడు వకీలు. అరగంట ఆర్డర్‌కు రెండు నిమిషాలు చాలట! వాళ్లను చూస్తే అసహ్యం, ఈయన్ను చూస్తే అసహ్యం. ఆ రెండు నిమిషాలకే కరిగిపోయిన నన్ను చూస్తే ఇంకా.

ఫిబ్రవరి 27, శుక్రవారం

సెలవు. ఖాళీగా రూమ్‌లో. వకీలుకు ఇంకా ఏమీ చెప్పలేదు.

మంగళవారం ఒకటి రాయలేదు. కట్ అయ్యే ముందు పాప ఫోన్‌కు దగ్గరగా వచ్చి, మెల్లగా, "మల్ల కోర్టుకు రావాల్నా?" అంది.

భయపడి అడిగిందా? భయమైతే రేపే కేసు మూయించేస్తా. కానీ కోర్టుకు వస్తేనే నాతో మాట్లాడనిస్తారనుకుని ఆశగా అడిగిందేమో...